గంటకు 30 రూపాయల అమెరికా

రాత్రి 11 కొట్టేదాకా ఎస్టీడీ బూత్ ముందు జనం గడియారం చూసుకుంటూ నిలబడేవాళ్ళు. 11 దాటితే పావు రేటు. భిలాయిలో కాపురమున్న కూతురితోనో, మద్రాసులో చదువుకునే కొడుకుతోనో నాలుగు ముక్కలు మాట్లాడాలంటే ఆ వేళదాకా నిద్ర ఆపుకోవలసిందే. అద్దాల గదిలో ఒకరు గొంతు చించుకుంటుంటే బయట వరసలో ఉన్నవాళ్ళందరికీ ఆ ఇంటిగుట్టు తెలిసిపోయేది. నెత్తిమీద పెట్టెలో ఎర్ర అంకెలు పరుగెడుతుండేవి. "సరే, ఉంటా మరి, బిల్లవుతోంది." ముప్పాతిక ఫోన్లు ఆ మాటతోనే ముగిసేవి.

1990ల చివర్లో హైదరాబాద్, విజయవాడ, విశాఖపట్నం వంటి ఊళ్ళలో నెట్ సెంటర్లు తెరిచినవాళ్ళలో చాలామంది ఈ ఎస్టీడీ బూత్‌ల పసుపుపచ్చ బోర్డు కింద నుంచి వచ్చినవాళ్ళే. అందులో ఆశ్చర్యమేమీ లేదు. టెలిఫోన్ కనెక్షన్‌కు దరఖాస్తు పెట్టి ఏళ్ళ తరబడి ఎదురుచూసిన కుటుంబాలున్న కాలమది. చేతిలో ఒక లైను ఉండటమంటే పెట్టుబడిలో సగం ఉన్నట్టే. పైగా నిమిషాల లెక్కన అమ్మడం, చిల్లర గుంజులాట, అర్ధరాత్రి దాకా షట్టరు దించకుండా కూర్చోవడం, ఇవన్నీ వాళ్ళకు వెన్నతో పెట్టిన విద్య. బూత్‌లో వాళ్ళు అమ్మింది దూరాన్ని దగ్గర చేసే సమయాన్ని. ఇంటర్నెట్ వచ్చాక కూడా అమ్మింది అదే సరుకు. నిమిషాలు గంటలయ్యాయి, అంతే.

దేశంలో మామూలు జనానికి ఇంటర్నెట్ అందుబాటులోకి వచ్చిన రోజు 1995 ఆగస్టు 15. విదేశ్ సంచార్ నిగమ్, అంటే అందరికీ తెలిసిన వీఎస్ఎన్ఎల్, ఆ రోజు బొంబాయి, ఢిల్లీ, కలకత్తా, మద్రాసుల్లో సేవ మొదలుపెట్టింది. వేగం సెకనుకు 9.6 కిలోబిట్లు. బొమ్మలు కనిపించే ఖాతా కావాలంటే 15 వేలు కట్టాలి. అక్షరాలు తప్ప మరేమీ కనబడని షెల్ ఖాతా దానికంటే చౌక. 15 వేలంటే అప్పట్లో చాలామంది గుమాస్తాలకు నెలల జీతం. అందుకని మొదటి మూడేళ్ళు ఇంటర్నెట్ పెద్ద కంపెనీల్లో, విశ్వవిద్యాలయాల్లో, కొద్దిమంది ఇళ్ళల్లో మాత్రమే ఉండిపోయింది.

తలుపు నిజంగా తెరుచుకుంది 1998 నవంబరులో. ప్రైవేటు కంపెనీలు కూడా ఇంటర్నెట్ ఇవ్వవచ్చని కేంద్రం అనుమతించింది. లైసెన్సు రుసుము తొలి ఐదేళ్ళు లేదు, ఆ తర్వాత ఏడాదికి ఒక్క రూపాయి. సర్కారువారు ఏదైనా రూపాయికి ఇచ్చారంటే జనం నమ్మరు గానీ, ఇది నిజం. అదే నెల 22న ప్రధాని వాజ్‌పేయి హైదరాబాద్ మాదాపూర్‌లో సైబర్ టవర్స్‌ను ప్రారంభించారు. ఆ గుండ్రటి భవనం ఫోటో పేపర్లన్నిటా వచ్చింది. ఆ వారంలో నగరంలో ఏ గల్లీలోనో ఎవరో జిరాక్స్ షాపులో ప్లైవుడ్ అడ్డుగోడలు కొట్టించుకుంటుంటే అది వార్త కాలేదు. కొత్త కాలం లోపలికి వచ్చింది మాత్రం రెండు దారుల్లోనూ.

ఆ ప్లైవుడ్ సంగతి కాస్త దగ్గరగా చూడాలి. పది అడుగుల వెడల్పు మడిగ. గోడ వెంట నాలుగైదు అరలు, ఒక్కొక్క అరకు ఒక ప్లాస్టిక్ కుర్చీ, అరకు ముందు చిన్న తెర. విండోస్ 98 నడిచే అసెంబుల్డ్ కంప్యూటర్లు. వాటిని ఎవరూ కంప్యూటరు అనేవాళ్ళు కాదు, ‘సిస్టం’ అనేవాళ్ళు. "అన్నా, సిస్టం ఖాళీ ఉందా?" "మూడో నెంబరు పది నిమిషాల్లో అయిపోతది, కూర్చో." సిస్టంలన్నిటినీ ఒకదాని వెనక ఒకటిగా కలుపుతూ టీవీ కేబుల్ లాంటి నల్లటి తీగ. ప్రతి సిస్టం వెనకా ఇంగ్లీషు ‘టీ’ ఆకారంలో ఒక ఇనుప ముక్క. తీగ రెండు కొసలకూ టెర్మినేటర్ అనే చిన్న మూత. ఎవరి కాలో తగిలి అందులో ఒక్కటి వదులైందా, మొత్తం సిస్టంలు ఒక్కసారిగా ఆగిపోయేవి. అప్పుడు ఓనరు బల్లల కిందకు దూరి, కస్టమర్ల కాళ్ళ మధ్య నుంచి పాక్కుంటూ వెళ్ళి ఒక్కో ముక్కా నొక్కి చూసేవాడు. వ్యాపారవేత్త అనగానే కోటూ బూటూ గుర్తొచ్చేవాళ్ళు ఆ దృశ్యం చూసి ఉండాల్సింది.

నెట్ అందరికీ చేరే పద్ధతి మరీ విచిత్రం. మోడెం ఒక్కటే, ఫోను లైను ఒక్కటే. విన్‌గేట్, సైగేట్ లాంటి సాఫ్ట్‌వేర్ పెట్టి, ఒక్క మోడెం తెచ్చిన 56 కిలోబిట్లనే అయిదుగురికి పంచేవారు. పాలలో నీళ్ళు కలిపే వ్యాపారం కంటే ఇందులో నిజాయితీ ఎక్కువేమీ లేదు. సినిమా హీరో ఫోటో తెరవగానే ముందు జుట్టు కనిపించేది, కాసేపటికి నుదురు, మరికాసేపటికి కళ్ళు. మీసం దగ్గరికి వచ్చేసరికి లైను కట్. మళ్ళీ డయల్ చేయాలి, మళ్ళీ ఆ కీచుమనే మోత, మళ్ళీ ‘బిజీ’. ఆ తిప్పలు పడుతున్నంతసేపూ కస్టమర్ల గడియారం తిరుగుతూనే ఉండేది కనుక గొడవలూ జరిగేవి. మంచి ఓనర్లు ఆ పది నిమిషాలు కొట్టేసేవాళ్ళు. అలాంటి సెంటరుకే జనం మళ్ళీ వచ్చేవాళ్ళు.

ఖర్చు రెండు వైపుల నుంచీ తగిలేది. నెట్ ఇచ్చే కంపెనీకి గంటల లెక్కన ముందే కట్టాలి, లైను వాడినంతసేపూ టెలిఫోన్ శాఖ మీటరూ తిరుగుతుంది. జిల్లాల్లో తొలినాళ్ళలో పరిస్థితి మరీ కష్టం. దగ్గర్లో నెట్ ఇచ్చే కేంద్రం లేకపోతే హైదరాబాద్ నెంబరుకు ఎస్టీడీ చేసి మరీ నెట్‌లోకి వెళ్ళాలి. 172తో మొదలయ్యే నెంబర్లు వచ్చి లోకల్ కాల్ ఖర్చుకే లైను దొరికాకే చిన్న ఊళ్ళ వ్యాపారానికి ప్రాణం వచ్చింది. ధర కూడా అలాగే దిగింది. మొదట్లో గంటకు 60 రూపాయలు చెప్పిన చోటే రెండేళ్ళు తిరక్కుండా 30 అయింది. ఇంకొన్నాళ్ళకు పక్క సందులో మరొకడు 20కి బోర్డు పెట్టాడు. ఆపైన 15, 10. ధర పడిపోతుంటే ఓనర్లు గొణిగారు గానీ కుర్చీలు ఖాళీగా లేవు. అప్పు చేసి తెచ్చిన అయిదు సిస్టంలు పదయ్యాయి. చేతి చమురు వదిలించుకున్నవాళ్ళూ లేకపోలేదు. ఒకే వీధిలో ఆరు సెంటర్లు వస్తే ఆరూ బతకవు కదా.

కౌంటరు మీద పొడుగాటి రూళ్ళ పుస్తకం ఉండేది. పేరు, సిస్టం నెంబరు, వచ్చిన టైము, వెళ్ళిన టైము, డబ్బులు. ఆ అయిదు గళ్ళలో ఒక తరం రాకపోకలన్నీ రాసి ఉండేవి.

ఎవరొచ్చేవాళ్ళు? హైదరాబాద్ అమీర్‌పేటలో అయితే జవాబు సులభం. మైత్రీవనం, ఆదిత్య ఎన్‌క్లేవ్‌ల చుట్టూ కోచింగ్ సెంటర్ల బోర్డులు ఒకదాని మీద ఒకటి ఎక్కి కూర్చున్న కాలం. కోస్తా, రాయలసీమ, తెలంగాణ పల్లెల నుంచి వచ్చిన కుర్రాళ్ళు హాస్టల్ గదిలో నలుగురైదుగురు సర్దుకుని, పొద్దున జావా, సాయంత్రం ఒరాకిల్ నేర్చుకుని, రాత్రి నెట్ సెంటరుకు చేరేవాళ్ళు. చొక్కా జేబులో ఫ్లాపీ. అందులో రెజ్యూమె. 1.44 మెగాబైట్ల ఆ నల్ల పలక ఎప్పుడు మొరాయిస్తుందో బ్రహ్మకు కూడా తెలియదు, అందుకని తెలివైనవాళ్ళు రెండు ఫ్లాపీల్లో పెట్టుకునేవాళ్ళు. అమెరికా హెచ్-1బీ వీసాల కోటాను 1998లో చేసిన చట్టంతో 65,000 నుంచి 1,15,000కి పెంచింది. 2001 నుంచి మూడేళ్ళపాటు అది 1,95,000. ఆ అంకెల వెనక అమీర్‌పేటలో గంటకు 30 రూపాయలు కట్టి కన్సల్టెన్సీలకు రెజ్యూమెలు పంపిన వేళ్ళు ఎన్నో ఉన్నాయి. అనుభవం గడిలో రాసిన ఏళ్ళు అన్నీ నిజమేనా అని మాత్రం ఎవరూ అడక్కూడదు.

అయితే అమీర్‌పేట కుర్రాడికి నెట్ వాడటం తెలుసు. ఓనరుకు అసలు సంపాదన తెలియనివాళ్ళ నుంచి వచ్చింది. ఇక్కడే ఆ వ్యాపారం గుట్టంతా ఉంది. మెయిల్ ఐడీ తయారుచేసి పెట్టడం, ఫోటో స్కాన్ చేయడం, అప్లికేషను నింపడం, ప్రింటు తీయడం, ప్రతిదానికీ ఒక రేటు. మెయిల్ ఐడీ అడిగినవాళ్ళకు పాస్‌వర్డ్ అంటే ఏమిటో కూడా చెప్పాలి. చెప్పినా గుర్తుండదు కనుక ఆ పాస్‌వర్డ్ ఓనరు పుస్తకంలోనే భద్రంగా ఉండేది. ఊళ్ళో సగం మంది తాళంచెవులు ఒకే మనిషి దగ్గర ఉన్నట్టు లెక్క. ఇవాళ ఎవరైనా వింటే గుండె ఆగిపోతుంది. అప్పట్లో అది నమ్మకం.

తెనాలిలోనో, కరీంనగర్‌లోనో మధ్యాహ్నం పూట ఒక పెద్దావిడ వచ్చేది. చీరకొంగుకు కట్టిన నోటు విప్పుతూ "బాబూ, మా పెద్దోడు ఏమన్నా రాశాడేమో చూసిపెట్టు నాయనా" అనేది. ఓనరు హాట్‌మెయిల్ తెరిచి, ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టిన తెలుగు ఉత్తరాన్ని కూడబలుక్కుని చదివి వినిపించేవాడు. ‘న’ ఎక్కడో ‘ణ’ ఎక్కడో పోల్చుకోలేక తడుముకుంటే, ఆవిడే వాక్యం పూర్తిచేసేది, కొడుకు ఏం రాస్తాడో ఆవిడకు తెలుసు కనుక. తర్వాత జవాబు చెప్పేది, ఈయన కొట్టేవాడు. "చలికి చెవులకు గుడ్డ కట్టుకోమను. అన్నం మానొద్దను. వాళ్ళ నాన్నకు షుగరు సంగతి రాయొద్దు, బెంగపడతాడు." పోస్ట్‌మ్యాన్ ఉత్తరాలు చదివిపెట్టిన రోజులు పోయాయనుకున్నారు గానీ, పని వేరే మనిషి చేతికి మారిందంతే.

ఆ ఇంగ్లీషు అక్షరాల తెలుగుకు కూడా ఒక పద్ధతి కుదిర్చినవాళ్ళున్నారు. అమెరికాలోని రైస్ విశ్వవిద్యాలయంలో 1990ల తొలినాళ్ళలో కన్నెగంటి రామారావు, ఆనంద కిశోర్ తయారుచేసిన ఆర్టీఎస్ అనే లిప్యంతరీకరణ పద్ధతి నెట్‌లో తెలుగువాళ్ళ తొలి వాడుక. కానీ నెట్ సెంటర్లో ఉత్తరం రాసే మనిషికి ఆ నియమాలేవీ పట్టలేదు, ఎవరికి తోచినట్టు వాళ్ళు కొట్టారు. తెలుగు లిపిలో చదవాలంటే దినపత్రికల సైట్లు ఉండేవి గానీ, ఒక్కో పత్రికకు ఒక్కో ఫాంటు. ఒకటి దించుకుంటే రెండోది గవ్వలూ గీతలుగా కనబడేది. సెంటర్ ఓనరు ప్రతి సిస్టంలోనూ ఆ ఫాంట్లన్నీ ముందే పెట్టి ఉంచితే, అది కూడా ఒక పేరే. "ఆడ తెలుగు పేపరు ఓపెన్ అయితది" అని చెప్పుకునేవాళ్ళు.

ఎంసెట్ ఫలితాల రోజు సంగతి చెప్పకుండా ఈ కథ సాగదు. పొద్దుటి నుంచే సెంటరు ముందు మెట్ల దాకా జనం. పిల్లల కంటే తండ్రులే ఎక్కువ. కాగితం ముక్కల మీద హాల్‌టికెట్ నెంబర్లు రాసి కౌంటరు దగ్గర పెట్టి, పేర్లు పిలిచేదాకా నిలబడేవాళ్ళు. ఒక్కో నెంబరుకు ఇంత అని ఆ రోజుకు ప్రత్యేక రేటు. మంత్రి సీడీ విడుదల చేశారని టీవీలో చెప్పగానే రాష్ట్రమంతా అవే నాలుగు సైట్ల మీద పడేది. పేజీ తెరుచుకోదు. తెల్లటి తెర, కింద కదలని నీలం గీత. ఓనరు ఒక సిస్టంలో ఒక సైటు, పక్క సిస్టంలో ఇంకో సైటు పెట్టి అటూ ఇటూ పరిగెత్తేవాడు. అంతలో ఒక సైటు కరుణిస్తే ‘వచ్చింది, వచ్చింది’ అని కేక. ర్యాంకు వినగానే ఒకాయన వంద నోటు బల్ల మీద పెట్టి చిల్లర తీసుకోకుండా వెళ్ళిపోయేవాడు. ఇంకొకాయన ప్రింటు తీసుకుని, మడిచి, జేబులో పెట్టుకుని, కొడుకు భుజం మీద చెయ్యివేసి మాట్లాడకుండా మెట్లు దిగేవాడు. ఆ ఒక్కరోజు రాబడితో నెల అద్దె తీరేదని పాత ఓనర్లు ఇప్పటికీ చెప్పుకుంటారు.

పొద్దున ఆరు గంటలకు వచ్చే గిరాకీ వేరు. అమెరికాలో అప్పుడు రాత్రి. ఐఎస్‌డీ నిమిషం ధర చూస్తే కళ్ళు తిరిగేవి కనుక, కంప్యూటరు నుంచి ఫోనుకు మాట్లాడించే నెట్2ఫోన్, డయల్‌ప్యాడ్ లాంటివి అందులో చిన్న వాటాకే దొరకడం అప్పటికి వరం. చట్టం దీన్ని మన దేశంలో ఒప్పుకున్నది 2002 ఏప్రిల్ 1 నుంచి. అంతకు ముందు జరగలేదని ఎవరైనా అంటే నవ్వుకోవడమే. చెవులకు హెడ్‌ఫోన్ పెట్టుకున్న తాతగారు, తన గొంతు తనకే రెండు క్షణాల తర్వాత వినిపిస్తుంటే కంగారుపడి ఇంకా గట్టిగా అరిచేవారు. ఎస్టీడీ బూత్ అలవాటు నెట్ సెంటర్లోనూ పోలేదు, ఇంటిగుట్టు ఇక్కడా దాగలేదు.

అదే కాలంలో పేపర్లలో వేరే అంకెలు కనబడుతుండేవి. బెంగళూరులో చదువుకున్న సబీర్ భాటియా 1996లో మొదలుపెట్టిన హాట్‌మెయిల్‌ను మరుసటేడు చివర్లో మైక్రోసాఫ్ట్ కొనేసింది. 1999 అక్టోబరులో సత్యం ఇన్ఫోవే నాస్‌డాక్‌కు ఎక్కింది, అక్కడ నమోదైన తొలి భారత ఇంటర్నెట్ కంపెనీ అదే. మాతృసంస్థ హైదరాబాద్ వాళ్ళది కనుక తెలుగు పేపర్లు ఆ వార్తను మనింటి పెళ్ళిలా రాశాయి. మరుసటి నెల అదే కంపెనీ రాజేశ్ జైన్ 1995లో పెట్టిన ఇండియావరల్డ్‌ను 499 కోట్లకు కొంటున్నట్టు ప్రకటించింది. ఖేల్, ఖోజ్, సమాచార్, బావర్చి అన్న పేర్లతో నడిచే కొన్ని వెబ్‌సైట్లకు 499 కోట్లు! ఆ మాట విన్నాక ఇంజినీరింగ్ చదివిన ప్రతివాడికీ రాత్రికి రాత్రి ఒక వెబ్‌సైటు ఆలోచన పుట్టింది. నాలుగు నెలలు తిరిగాయో లేదో, 2000 మార్చి 10న నాస్‌డాక్ శిఖరానికి చేరి, అక్కణ్ణుంచి జారడం మొదలైంది. అమెరికాలో మనవాళ్ళు ప్రాజెక్టు లేక ‘బెంచ్ మీద’ కూర్చున్నారు. పెళ్ళిసంబంధాల మార్కెట్‌లో సాఫ్ట్‌వేర్ అల్లుడి ధర తగ్గింది. నెట్ సెంటరుకు మాత్రం ఆ దెబ్బ తగల్లేదు. దాని రాబడి ఏ పూటకాపూట గల్లాపెట్టెలో పడే చిల్లర, దానికి వాటాదారులు లేరు. ఆ రోజుల్లో డాట్‌కామ్ అన్న మాట మీద నికరంగా లాభం చూసిన వ్యాపారాల పట్టిక ఎవరైనా రాస్తే, వీధి చివరి నెట్ సెంటరు పేరు పైవరసలోనే ఉండాలి.

తెరకు అవతలి వైపు కూర్చుని బతుకు వెతుక్కున్న తెలుగువాళ్ళూ ఉన్నారు. హైదరాబాద్‌లో జీవి 1999లో ఐడిల్‌బ్రెయిన్ మొదలుపెట్టారు. సినిమా విడుదలైన రోజే ఇంగ్లీషులో సమీక్ష, అయిదుకు ఇన్ని అని మార్కులు. డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో ఉన్న కుర్రాడు శుక్రవారం నిద్రలేచేసరికి ఆ పేజీ సిద్ధంగా ఉండేది. అచ్చు కాగితం, ముద్రణ యంత్రం, పంపిణీదారు, ఇవేవీ లేకుండా ఒక మనిషి పత్రిక నడపవచ్చని తెలుగు సినిమా పరిశ్రమ అలా చూసింది. ఆ అయిదుకు మూడున్నర కోసం నిర్మాతలు గుండెలు బిగపట్టుకునే రోజులు తర్వాత వచ్చాయి.

పెళ్ళిళ్ళ పేరయ్యలకూ పోటీ తప్పలేదు. మురుగవేల్ జానకిరామన్ 1990ల చివర్లో అమెరికాలో తమిళుల కోసం పెట్టిన సైటులో పెళ్ళి ప్రకటనలకు వచ్చిన గిరాకీ చూసి అటు మళ్ళి, భారత్ మ్యాట్రిమొనీని నిలబెట్టారు, తెలుగువాళ్ళకు వేరే అర ఏర్పడింది. ఇక్కడ నెట్ సెంటరు ఓనరు అమ్మాయి ఫోటో స్కాన్ చేసి, గోత్రం, నక్షత్రం, ఎత్తు నింపి, వచ్చిన జవాబులు ప్రింటు తీసి ఇచ్చేవాడు. చెప్పులరిగేలా తిరిగే పేరయ్యకు ఉన్న లౌక్యం ఇతనికీ అబ్బింది. "ఈ అబ్బాయి ఫోటో పాతదిలా ఉందండీ, ఇంకోటి అడుగుదామా?" అని సలహా కూడా ఇచ్చేవాడు.

రెడ్‌బస్ కథ అందరికీ తెలిసిందే అయినా, అందులో ఒక సంగతి మీద దృష్టి పెట్టాలి. 2005 దీపావళికి బెంగళూరు నుంచి ఇంటికి రావడానికి బస్సు టికెట్టు దొరక్క, ఫణీంద్ర సామా ఏజెంట్ల చుట్టూ తిరిగారు. అప్పటి పద్ధతి ఏమిటి? ట్రావెల్స్ కౌంటర్లో ఒక మనిషి, రెండు ఫోన్లు, ఒక పుస్తకం. కస్టమరు ఎదురుగా నిలబడితే ఆయన ఆపరేటరుకు ఫోన్ చేసి "కిటికీ సీటు ఒకటి చూడన్నా" అని అడిగి, పేరు చెప్పి, కార్బన్ పెట్టిన కాగితం మీద టికెట్టు రాసిచ్చేవాడు. తన ఫోన్ పుస్తకంలో లేని ఆపరేటరు బస్సులో సీట్లు ఖాళీగా వెళ్ళినా ఆయనకు తెలియదు. ఒక ఏజెంటు దగ్గర లేదన్న సీటు పక్క వీధిలో ఉండవచ్చు. ఫణీంద్ర, ఆయన బిట్స్ పిలానీ స్నేహితులు చరణ్ పద్మరాజు, సుధాకర్ పసుపునూరి ఉద్యోగాలు చేసుకుంటూనే ఈ చిక్కుముడి విప్పే సాఫ్ట్‌వేర్ రాసి, 2006 ఆగస్టులో రెడ్‌బస్ మొదలుపెట్టారు. 2013లో దాన్ని ఐబిబో గ్రూప్ కొనుక్కుంది. ఫణీంద్ర తర్వాత తెలంగాణ ప్రభుత్వానికి చీఫ్ ఇన్నొవేషన్ ఆఫీసరుగా పనిచేశారు. వాళ్ళు కొత్త బస్సు ఒక్కటీ కొనలేదు. ఏ సీటు ఎక్కడ ఖాళీగా ఉందన్న కబురును అందరికీ ఒకేసారి కనబడేట్టు చేశారు. నెట్ సెంటర్ ఓనరు గల్లీలో చేసిందీ ఇలాంటి పనే. తనకు కనిపించేది ఎదుటివాడికి కనిపించదు, ఆ తేడాకు ఒక ధర.

రైలు టికెట్ల దగ్గర ఇది ఇంకా తేటగా కనబడింది. 2002 ఆగస్టులో ఐఆర్‌సీటీసీ నెట్‌లో టికెట్లు మొదలుపెడితే, బుక్ చేసిన టికెట్టు కొరియర్‌లో ఇంటికొచ్చేది. తెల్లారి స్టేషనులో వరస కట్టక్కర్లేదని తెలిశాక జనం నెట్ సెంటరుకు వచ్చి వరస కట్టారు.

అన్నీ మంచి రోజులే అనుకుంటే పొరపాటు. ఆ తెరల వెనక ఏం జరుగుతోందోనని పెద్దలకు అనుమానం ఉండేది, అనుమానం ఊరికే పుట్టలేదు కూడా. ఆడపిల్లలు ఒంటరిగా నెట్ సెంటరుకు వెళ్తామంటే చాలా ఇళ్ళల్లో ఒప్పుకునేవాళ్ళు కాదు, తమ్ముణ్ణి తోడిచ్చి పంపేవాళ్ళు. కొందరు ఓనర్లు తెరలు పీకేశారు, మరికొందరు ఆ తెరల మీదే వ్యాపారం చేశారు. 2007లో హైదరాబాద్‌లో మక్కా మసీదులో, తర్వాత లుంబినీ పార్కు, గోకుల్ చాట్‌లలో పేలుళ్ళు జరిగాక గుర్తింపు కార్డు చూపందే సిస్టం ఇవ్వొద్దని పోలీసులు గట్టిగా చెప్పారు. 2011లో కేంద్రం సైబర్ కేఫ్‌లకే ప్రత్యేకంగా నిబంధనలు తెచ్చింది. కస్టమరు గుర్తింపు వివరాలు ఏడాదిపాటు దాచాలి. అరల గోడలు నేల నుంచి నాలుగున్నర అడుగులకు మించకూడదు. ప్లైవుడ్ ఎత్తు ఎంతుండాలో భారత ప్రభుత్వం కొలత ఇచ్చిందన్నమాట. కొందరు ఓనర్లు రంపం తెచ్చి గోడలు కోయించారు. అప్పటికే చాలా అరల్లో కూర్చునేవాళ్ళు లేరు.

దెబ్బ అంతకు ముందే తగిలింది. 2005 జనవరిలో బీఎస్ఎన్ఎల్ బ్రాడ్‌బ్యాండ్ వచ్చింది, సెకనుకు 256 కిలోబిట్లు. మొదట ఓనర్లు పండగ చేసుకున్నారు, డయల్ చేసే బాధ తప్పింది, ఫోను లైను ఖాళీ అయింది. ఆ తీగే ఇళ్ళలోకీ వస్తుందని లెక్క వేసుకున్నవాళ్ళు తక్కువ. ఇంజినీరింగ్ కొడుకున్న ఇళ్ళలోకి ముందు వచ్చింది, తర్వాత పక్కింట్లోకి. ఆపైన చేతిలో ఫోన్లు. 2016 సెప్టెంబరులో జియో వచ్చేనాటికి మిగిలిన గిరాకీ ప్రింటౌట్లది. ఎస్టీడీ బూత్‌ను సెల్‌ఫోన్ మింగింది, నెట్ సెంటరును కూడా సెల్‌ఫోనే మింగింది. ఒకే మనిషిని రెండుసార్లు.

అయినా ఆ మనిషి పూర్తిగా పోలేదు. ప్రభుత్వ సేవల కోసం 2001లో ఈ-సేవ, 2011లో మీసేవ వచ్చాయి. కమిషను మీద ప్రైవేటు వ్యక్తులు నడిపే మీసేవ కేంద్రాల్లో పాత నెట్ సెంటర్ల మొహాలు కొన్ని కనబడతాయి. ఇంజినీరింగ్ వెబ్ ఆప్షన్ల రోజుల్లో, పాన్ కార్డుకు, ఆధార్‌కు, ఉద్యోగ నోటిఫికేషన్లకు జనం ఇప్పటికీ అక్కడికే వస్తారు. చేతిలో ఖరీదైన ఫోను పట్టుకునే వస్తారు. "నువ్వే పెట్టన్నా, తప్పు పోతే మళ్ళీ కష్టం" అంటారు.

కౌంటరు మీది ఆ పొడుగు రూళ్ళ పుస్తకాలే ఏమయ్యాయో. నిబంధన ఏడాది దాచమంది, చాలామంది ఏడాది నిండగానే తూకానికి వేశారు. ఏ ఊళ్ళో ఎందరు వచ్చారు, ఎన్నింటికి వచ్చారు, గంటకు ఎంత కట్టారు అన్న లెక్క ఆ గళ్ళలో తప్ప మరెక్కడా లేదు. ఆ రోజుల్లో నెట్ సెంటరు నడిపినవాళ్ళు ఈ వ్యాసం చదువుతుంటే ఒక్క మాట. అటక మీద అలాంటి పుస్తకం ఒక్కటి దొరికినా, పాస్‌వర్డ్‌లు రాసిన పేజీలు చింపేసి, మిగతాది దాచండి.